ఎన్‌ఎంఆర్ సర్వీసు లెక్కలో లేదన్నారు, గ్రాట్యుటీలో కోత పెట్టారు, నిధులు లేవంటున్నారు. మా నాన్నగారికి దారేది?

మీరు రాసినదాన్ని ముందు కుదించి చెప్తాను, తప్పుంటే సరిదిద్దండి. మీరుండేది విశాఖ మద్దిలపాలెం. మీ నాన్నగారు ఒక రాష్ట్ర ప్రభుత్వ విశ్వవిద్యాలయంలో 1988 సెప్టెంబరు 1న ఎన్‌ఎంఆర్‌గా, అంటే మస్టర్ రోల్ మీద దినసరి కూలీగా చేరారు. 1994 అక్టోబరు 1న రెగ్యులరయ్యారు. 2024 మే 31న సూపరింటెండెంటుగా రిటైరయ్యారు. చివరి బేసిక్ 80,000. ఏడాదిన్నర దాటినా తాత్కాలిక పింఛనే వస్తోంది. ఎన్‌ఎంఆర్‌గా చేసిన ఆరేళ్లు లెక్కలోకి రావన్నారు. 2002లో ఇచ్చిన ఎనిమిదేళ్ల స్కేలు (ఒకే పోస్టులో ఎనిమిదేళ్లు చేసినందుకిచ్చే పై స్కేలు) ఫిక్సేషన్ తప్పని ఆడిట్ పారా, అంటే ఆడిట్ అభ్యంతరం రాస్తే, దాని పేరుతో 3,86,400 గ్రాట్యుటీలోంచి పట్టుకుంటామన్నారు. మిగతా గ్రాట్యుటీ ఎప్పుడిస్తారంటే ప్రభుత్వం నుంచి బ్లాక్ గ్రాంట్ రాలేదంటున్నారు. ఆయన మీద ఏ చార్జిమెమో లేదు.

సూటిగా జవాబు: ఇది ఒక తగాదా కాదు, మూడు. మూడింటికీ మూడు వేర్వేరు దారులున్నాయి. కోత విషయంలో మీ చేయి పైన ఉంది, ముందు దాన్నే పట్టుకోండి. గ్రాట్యుటీ మొత్తం కోసం కార్మిక శాఖ దగ్గరికి వెళ్లండి. ఎన్‌ఎంఆర్ సర్వీసును పింఛనులో కలపమనే వాదన మూడింటిలో బలహీనమైనది, గెలిచినా మీరనుకున్నంత రాదు. లెక్క కింద వేసి చూపిస్తాను. నిధులు లేవన్న మాట మాత్రం కోర్టులో జవాబుగా నిలబడదు.

మూడూ కలిపి హైకోర్టులో ఒకే రిట్ పిటిషన్ వేస్తే ఏమవుతుందో ముందు చెప్పాలి. బలహీనమైన పాయింటు మీద విశ్వవిద్యాలయం స్టాండింగ్ కౌన్సిల్ (వాళ్ల లాయరు) పాతిక పేజీల కౌంటర్ వేస్తారు. బలమైనవి కూడా దాంతోపాటే ఏళ్ల తరబడి పెండింగులో పడతాయి.

ఎవరితో తగాదా పడుతున్నారో తెలుసుకోండి

ప్రభుత్వోద్యోగి పింఛను కాగితాలు ఏజీ (అకౌంటెంట్ జనరల్) ఆఫీసుకి వెళ్తాయి, డబ్బు ట్రెజరీ నుంచి వస్తుంది. విశ్వవిద్యాలయ ఉద్యోగికి సాధారణంగా ఈ రెండూ ఉండవు. లెక్క కట్టేది విశ్వవిద్యాలయం పింఛను సెక్షన్, సరిచూసేది రాష్ట్ర ఆడిట్ శాఖ (పాతవాళ్లు ఇంకా లోకల్ ఫండ్ అనే అంటారు), చెల్లించేది విశ్వవిద్యాలయ ఖాతా. ఆ ఖాతాలోకి డబ్బు ఉన్నత విద్యాశాఖ ఇచ్చే బ్లాక్ గ్రాంట్‌గా రావాలి. అందుకే విశ్వవిద్యాలయాన్ని అడిగితే ప్రభుత్వం ఇవ్వలేదంటుంది, ప్రభుత్వాన్ని అడిగితే అది స్వయంప్రతిపత్తి సంస్థ అంటుంది. రిట్‌లో ఉన్నత విద్యాశాఖ, ఆర్థిక శాఖ, రిజిస్ట్రార్, ఫైనాన్స్ ఆఫీసర్, ఆడిట్ శాఖ అందరినీ ప్రతివాదులుగా చేర్చాలి. ఒకరిని వదిలేస్తే, కౌంటర్లో తప్పంతా ఆ లేనివారి మీదే పడుతుంది.

ఇక్కడే ఒక చేదు నిజం. ప్రభుత్వం తన ఉద్యోగులకు ఇచ్చినవన్నీ విశ్వవిద్యాలయ ఉద్యోగికి వాటంతటవే రావు. స్వయంప్రతిపత్తి సంస్థల ఉద్యోగులు ప్రభుత్వోద్యోగులతో సమానత్వాన్ని హక్కుగా అడగలేరని టి.ఎం. సంపత్ కేసులో 2015లో సుప్రీంకోర్టు చెప్పింది. కాబట్టి ఏ జీవో చూపించినా, దాన్ని మీ విశ్వవిద్యాలయ పాలకమండలి ఏ తేదీన తీర్మానించి అమలులోకి తెచ్చిందో ఆ ప్రొసీడింగ్స్ కూడా జత చేయండి. 1980 నాటి సవరించిన పింఛను నిబంధనలకూ ఇదే వర్తిస్తుంది. పాలకమండలి తీర్మానం లేని జీవో ప్రతి చేతిలో ఉంటే అది సగం కాగితమే.

మొదట కాగితాలు

సమాచార హక్కు కింద పది రూపాయల ఫీజుతో దరఖాస్తు పెట్టండి. 30 రోజుల్లో జవాబు రావాలి. రాకపోతే 30 రోజుల్లో మొదటి అప్పీలు, ఆ తర్వాత 90 రోజుల్లో సమాచార కమిషన్‌కు రెండో అప్పీలు. "మా నాన్నగారి పింఛను ఎందుకు ఆపారు" అని ప్రశ్న రాయకండి, "సమాచారం కాదు" అని తిప్పి పంపేస్తారు. ఏ కాగితం కావాలో అది పేరు పెట్టి అడగండి: సర్వీస్ రిజిస్టర్ అన్ని పేజీల నకలు, పింఛను లెక్కింపు షీటు, ఆడిట్ పారా, దానికి విశ్వవిద్యాలయం ఇచ్చిన జవాబు, 2002 ఫిక్సేషన్ ప్రొసీడింగ్స్, ప్రతి పీఆర్‌సీకి (వేతన సవరణకు) ఇచ్చిన ఆప్షన్ ఫారం, 1988 నుంచి 1994 వరకు మస్టర్ రోళ్లు, అక్విటెన్స్ రిజిస్టర్లు (జీతం ముట్టినట్టు సంతకాలు పెట్టేవి), ఎన్‌ఎంఆర్ సర్వీసును తిరస్కరించిన నోట్‌ఫైల్ పేజీలు (ఆఫీసులో అధికారులు అభిప్రాయాలు రాసుకునేవి).

నోట్‌ఫైల్ అడగడం చాలామంది మర్చిపోతారు. బయటికిచ్చే మెమోలో రెండు ముక్కలే ఉంటాయి, అసలు కారణాలు నోట్‌ఫైల్లోనే ఉంటాయి. ఒక్కోసారి అదే ఫైల్లో కింది అధికారి "లెక్కలోకి తీసుకోవచ్చు" అని రాసి ఉంటారు, పైన ఎర్ర ఇంకుతో కారణం లేకుండా కొట్టేసి ఉంటుంది. కోర్టులో ఆ ఒక్క పేజీకి ఉన్న బరువు వేరు.

సర్వీస్ రిజిస్టర్ చేతికొచ్చాక ఏటా "సర్వీసు వెరిఫై చేయబడినది" అన్న ఎంట్రీ, దాని కింద సంతకం ఉన్నాయో లేదో చూడండి. లేని ఏళ్లు ఉంటే వాటిని వేతన బిల్లులతో ధ్రువీకరించమని ముందే రాయాలి. ఆడిట్ వాళ్లు ఫైలు వెనక్కి పంపడానికి దొరికే సులువైన సాకు అదే.

కోత: 3,86,400

2014 డిసెంబరు 18న స్టేట్ ఆఫ్ పంజాబ్ వర్సెస్ రఫీక్ మసీహ్ కేసులో సుప్రీంకోర్టు, పొరపాటున ఎక్కువ చెల్లించిన జీతాన్ని రాబట్టకూడని ఐదు సందర్భాలు చెప్పింది. గ్రూప్ సి, డి ఉద్యోగులు. రిటైరైనవారు లేదా ఏడాదిలోపు రిటైరయ్యేవారు. ఎక్కువ చెల్లింపు ఐదేళ్లకు మించి సాగినప్పుడు. పై పోస్టు పని చేయించుకుని ఆ జీతం ఇచ్చినప్పుడు. రాబట్టడం వల్ల జరిగే అన్యాయం సంస్థ హక్కు కన్నా భారమైనప్పుడు. మీ నాన్నగారికి రెండోది, మూడోది రెండూ సరిపోతాయి. ఇరవై రెండేళ్ల నాటి ఫిక్సేషన్‌ను రిటైరయ్యాక తిరగదోడారు. అందులో ఆయన మోసం, తప్పుడు సమాచారం ఏమీ లేవు. 2022లో థామస్ డేనియల్ కేసులో కేరళ ఉపాధ్యాయుడి విషయంలోనూ ఇదే మాట వచ్చింది.

అయితే రెండు మెలికలున్నాయి.

మొదటిది అండర్‌టేకింగ్. "ఎక్కువ చెల్లించినట్టు తేలితే తిరిగి కడతాను" అని ఆప్షన్ ఫారంలో సంతకం పెట్టి ఉంటే, 2016 నాటి జగ్‌దేవ్ సింగ్ తీర్పును విశ్వవిద్యాలయం ముందుకు తెస్తుంది. ఆ సంతకం ఉన్నవారికి రఫీక్ మసీహ్ వర్తించదని అందులో ఉంది. అందుకే ఆప్షన్ ఫారాలు అడగమన్నాను. సంతకం ఉంటే అది ఏ ఫిక్సేషన్‌కి పెట్టినదో చూడండి. 2010 పీఆర్‌సీ ఆప్షన్‌లో పెట్టిన హామీని 2002 స్కేలుకు తగిలించడం కుదరదన్న వాదన బలమైనదే.

రెండోది: తీర్పు ఆపేది వసూలునే, దిద్దుబాటును కాదు. ఫిక్సేషన్ నిజంగానే తప్పైతే పింఛను సరిచేసిన బేసిక్ మీదే కడతారు. కాబట్టి వసూలు చేయొద్దు అన్న ఒక్కమాటతో ఆగకుండా, ఫిక్సేషన్ సరైనదేనని కూడా విడిగా వాదించాలి. దాన్ని మార్చేముందు నోటీసు ఇవ్వలేదన్నది దానికి తోడుగా చెప్పాల్సిన పాయింటు. ఆడిట్ పారా అభిప్రాయమే తప్ప ఉత్తర్వు కాదు. రిజిస్ట్రార్ సొంతంగా ఆలోచించి ప్రొసీడింగ్స్ ఇవ్వాలి. "ఆడిట్ అభ్యంతరం దృష్ట్యా" అనే ఒక్క వాక్యంతో ఇచ్చిన మెమో మీకు మేలు చేసేదే.

ఎన్‌ఎంఆర్ ఆరేళ్లు: లెక్క చూడండి

పింఛను సూత్రం ఇది: చివరి బేసిక్‌ను అర్హ సర్వీసులోని అర సంవత్సరాలతో హెచ్చించి 132తో భాగించాలి. అర సంవత్సరాలు గరిష్ఠంగా 66, అంటే 33 ఏళ్లు. చివర మిగిలిన నెలలు మూడు లేదా అంతకన్నా ఎక్కువైతే ఒక అర సంవత్సరం, తక్కువైతే సున్నా.

1994 అక్టోబరు 1 నుంచి 2024 మే 31కి 29 ఏళ్ల 8 నెలలు. అంటే 59 అర సంవత్సరాలు, పైన రెండు నెలలు వృథా. 80,000 × 59 ÷ 132 = 35,758. ఎన్‌ఎంఆర్ కాలం ఆరేళ్ల ఒక నెలా కలిస్తే 72 అవ్వాలి గానీ 66 దగ్గర ఆగిపోతుంది. 80,000 × 66 ÷ 132 = 40,000. తేడా నెలకు 4,242, దాని మీద కరువు భృతి అదనం. ఆరేళ్ల కోసం పోరాడితే చేతికొచ్చేది మూడున్నరేళ్లే. పదవీ విరమణ వెయిటేజీ (పింఛను లెక్కకు అదనంగా కలిపే సర్వీసు) మీ విశ్వవిద్యాలయంలో అమల్లో ఉంటే ఈ తేడా ఇంకా తగ్గుతుంది, అది ముందు అడిగి తెలుసుకోండి.

న్యాయస్థానంలో పరిస్థితి ఏమిటంటే, 2019లో ప్రేమ్ సింగ్ కేసులో వర్క్‌చార్జ్‌డ్ సర్వీసును పింఛనుకు లెక్కించాలని సుప్రీంకోర్టు చెప్పింది. కానీ అది ఉత్తరప్రదేశ్ నిబంధన మీద వచ్చిన తీర్పు. వర్క్‌చార్జ్‌డ్ అంటే టైం స్కేలు ఉన్నవారు, ఎన్‌ఎంఆర్ అంటే దినసరి కూలీ. ఈ తేడాను ఎదుటివారు వదిలిపెట్టరు. మీకు ఉపయోగపడే గట్టి పాయింటు ఇంకోటుంది. 1994 ఏప్రిల్ 22 నాటి జీవో 212 ప్రకారం, 1993 నవంబరు 25 నాటికి ఐదేళ్లు నిండిన ఎన్‌ఎంఆర్‌లు క్రమబద్ధీకరణకు అర్హులు. మీ నాన్నగారికి 1993 ఆగస్టు ఆఖరుకు ఐదేళ్లు నిండాయి. అప్పుడు ఖాళీ పోస్టు ఉండి కూడా ఉత్తర్వు ఆలస్యమైందని చూపించగలిగితే, ఆరేళ్లూ కాకపోయినా మధ్యలోని కొన్ని నెలలు అడగొచ్చు. ఇంతకాలం తర్వాత క్రమబద్ధీకరణ తేదీని మార్చమంటే ఆలస్యం పేరుతో కొట్టేసే ప్రమాదం ఉంది. అది తెలిసే అడుగు వేయండి.

నెలల మాటొచ్చింది కాబట్టి చెప్తున్నా. మిగిలిన ఆ రెండు నెలలకు ఇంకొక్క నెల కలిస్తే 60 అర సంవత్సరాలవుతాయి, నెలకు 606 రూపాయలు జీవితాంతం పెరుగుతాయి. సర్వీస్ రిజిస్టర్లో జీతనష్టపు సెలవు గానీ, సమ్మె కాలం గానీ, సస్పెన్షన్ గానీ "అర్హ సర్వీసు కాదు" అని రాసి తీసేసి ఉన్నారేమో వెతకండి. రెగ్యులరైజేషన్ ఉత్తర్వు తేదీకీ చేరిన తేదీకీ మధ్య వారాలు కూడా చూడండి. ఆరేళ్ల కోసం హైకోర్టుకెళ్లే ముందు ఈ ఒక్క నెల కోసం రిజిస్టర్ తిరగేయడం తేలిక.

గ్రాట్యుటీ: ఎన్‌ఎంఆర్ కాలానికి అసలు విలువ ఇక్కడ

విశ్వవిద్యాలయం ఇచ్చేది ప్రభుత్వ నిబంధనల గ్రాట్యుటీ. 2022 పీఆర్‌సీ ఉత్తర్వుల ప్రకారం దాని పరిమితి 16 లక్షలు. 1972 నాటి గ్రాట్యుటీ చెల్లింపు చట్టం విద్యాసంస్థలకు 1997 ఏప్రిల్ 3 నుంచి వర్తిస్తోంది, దాని పరిమితి 2018 మార్చి 29 నుంచి 20 లక్షలు. చట్టం నుంచి మినహాయింపు కేంద్ర, రాష్ట్ర ప్రభుత్వాల కింద పోస్టులో ఉన్నవారికే. విశ్వవిద్యాలయ ఉద్యోగి ఆ కోవలోకి రారు. "మాకు సొంత పింఛను నిబంధనలున్నాయి" అన్న వాదనను 1998లో ఢిల్లీ మున్సిపల్ కార్పొరేషన్ వర్సెస్ ధరమ్ ప్రకాశ్ శర్మ కేసులో సుప్రీంకోర్టు ఒప్పుకోలేదు. సెక్షన్ 5 కింద మినహాయింపు నోటిఫికేషన్ ఉంటేనే చట్టం వర్తించదని చెప్పింది.

ఈ చట్టంలో చూసేది రెగ్యులరా కాదా అన్నది కాదు, పని నిరంతరంగా సాగిందా అన్నది. ఏడాదికి 240 రోజులు చాలు. దినసరి కూలీగా చేసిన ఏళ్లను కూడా కలపాలని 2018లో నేత్‌రామ్ సాహు కేసులో తీర్పొచ్చింది. లెక్క: చివరి బేసిక్, కరువు భృతి కలిపి 1,05,000 అనుకుందాం. దాన్ని 15తో హెచ్చించి 26తో భాగిస్తే 60,577. రెగ్యులర్ సర్వీసు ఒక్కటే తీసుకుంటే 30 ఏళ్లకు 18,17,308. 1988 నుంచి తీసుకుంటే 35 ఏళ్ల 9 నెలలు, ఆరు నెలలు దాటింది కాబట్టి 36 ఏళ్లు. 21,80,769 వస్తుంది, పరిమితి వల్ల 20 లక్షలు. రెండు పథకాల్లో ఏది మేలైతే అది మొత్తంగా ఎంచుకోవాలి, దీంట్లో కొంత దాంట్లో కొంత కుదరదు.

దారి: ఫారం ఐ నింపి రిజిస్ట్రార్‌కి ఇవ్వండి. ఇవ్వకపోతే, తక్కువిస్తే, ఫారం ఎన్‌తో విశాఖలోనే కార్మిక శాఖ అసిస్టెంట్ కమిషనర్ దగ్గర దరఖాస్తు. గడువు 90 రోజులు, మీకది దాటిపోయింది. "ఇస్తాం, గ్రాంట్ రావాలి" అని వాళ్లు చెప్తూ వచ్చిన మెమోలు జత చేసి ఆలస్యానికి మన్నింపు అడగండి. రిటైరైన 30 రోజుల తర్వాత నుంచి పది శాతం సాధారణ వడ్డీ చట్టంలోనే ఉంది. దీనికి లాయరు తప్పనిసరి కాదు, మీ నాన్నగారే వెళ్లి చెప్పుకోవచ్చు. 2025 నవంబరు 21 నుంచి గ్రాట్యుటీ సామాజిక భద్రతా కోడ్‌లోకి వెళ్లింది గానీ, ఆయన అంతకుముందే రిటైరయ్యారు కాబట్టి పాత చట్టమే అడగండి. ఒక జాగ్రత్త: ఇదే మొత్తాన్ని రిట్‌లోనూ అడగొద్దు. రెండు చోట్లా పెడితే రెండు చోట్లా "అక్కడ తేలనీ" అంటారు.

నిధులు లేవు

పింఛను దయాదాక్షిణ్యం కాదని నకారా కేసులో 1982 డిసెంబరు 17న తీర్పొచ్చింది. పింఛనుదారుల దినోత్సవం జరిపేది ఆ తేదీనే. పింఛను, గ్రాట్యుటీ ఆస్తి అనీ, రాజ్యాంగం 300-ఎ అధికరణ కింద చట్టబద్ధమైన అధికారం లేకుండా ఆపకూడదనీ 2013లో జితేంద్ర కుమార్ శ్రీవాస్తవ కేసులో చెప్పారు. మన రాష్ట్రంలోనే 2020లో కోవిడ్ సమయంలో జీతాలు, పింఛన్లలో కొంత వాయిదా వేస్తే, ఒక రిటైర్డ్ జిల్లా జడ్జి వేసిన కేసులో హైకోర్టు 12 శాతం వడ్డీ వేసింది. 2021 ఫిబ్రవరిలో సుప్రీంకోర్టు దాన్ని 6 శాతానికి తగ్గించింది, వడ్డీ మాత్రం కట్టించింది. ఖజానా కష్టాల్లో ఉన్నప్పుడే వడ్డీ పడిందంటే మామూలు రోజుల సంగతి చెప్పనక్కర్లేదు.

క్రమశిక్షణ చర్యలు పెండింగులో ఉంటే మాత్రం లెక్క వేరు. అప్పుడు ఆ 1980 పింఛను నిబంధనల్లోని 52వ నిబంధన కింద తాత్కాలిక పింఛను ఇచ్చి గ్రాట్యుటీ ఆపొచ్చు. మీ నాన్నగారి మీద ఏ చార్జిమెమో లేదని రాశారు కాబట్టి అది ఇక్కడ వర్తించదు. రిట్ అఫిడవిట్‌లో ఆ మాట స్పష్టంగా ఉండాలి.

రిట్ వేసేముందు

సోమవారం కలెక్టరేట్లో పీజీఆర్‌ఎస్ (ప్రజా ఫిర్యాదుల పరిష్కార వేదిక) అర్జీ, ఛాన్సలర్‌కి వినతి ఇవన్నీ చివరికి అదే రిజిస్ట్రార్ టేబుల్ మీదికే వస్తాయి. రికార్డు కోసం ఒకటి పెట్టండి, దాన్నే నమ్ముకోకండి. వినతుల మీద వినతులు పెట్టినంత మాత్రాన గడువు పెరగదని 2008లో సి. జాకబ్ కేసులో తేల్చారు. పింఛను తగ్గింపు ప్రతి నెలా కొనసాగే నష్టమే అయినా, బకాయిలు రిట్ వేసిన తేదీకి ముందు మూడేళ్లకే ఇస్తారని అదే ఏడాది తర్సేమ్ సింగ్ కేసు చెప్పింది. మీ లెక్కన 2027 మే దాటితే ప్రతి నెలా ఒక నెల బకాయి జారిపోతుంది.

ముందుగా ఒక్క పేజీ వినతి రాసి, కారణాలతో కూడిన ఉత్తర్వు ఇవ్వమని అడిగి, ఇన్‌వర్డ్ సెక్షన్లో నకలు మీద తేదీ ముద్ర వేయించుకోండి. తిరస్కరిస్తూ ఉత్తర్వు వస్తే మంచిదే. ఏ ఉత్తర్వూ లేకుండా కోర్టుకెళ్తే "నాలుగు వారాల్లో వినతి పరిశీలించండి" అని కేసు ముగించేస్తారు. విజయవాడ దాకా రైలెక్కి, అక్కడి నుంచి నేలపాడు హైకోర్టుకెళ్లి తెచ్చుకున్న ఆ కాగితంతో మళ్లీ అదే కౌంటర్ దగ్గర నిలబడాలి. తిరస్కరణ ఉత్తర్వు చేతిలో ఉంటే దాన్నే రద్దు చేయమని అడగొచ్చు.

ప్రార్థనలో వడ్డీని శాతంతో, ఏ తేదీ నుంచో విడిగా రాయించండి. "తదితర ఉపశమనాలు" అన్న మాటలోంచి వడ్డీ ఊడిపడదు. వసూలు మీద మధ్యంతర స్టే మొదటి వాయిదాలోనే అడగమనండి. ఉత్తర్వు వచ్చాక సర్టిఫైడ్ కాపీని కవరింగ్ లెటర్‌తో రిజిస్ట్రార్‌కీ, ఉన్నత విద్యాశాఖకీ అందజేసి ముద్ర తీసుకోండి. గడువులోగా అమలు చేయకపోతే, ఆ గడువు తీరిన రోజు నుంచి ఏడాదిలోపే కోర్టు ధిక్కరణ పిటిషన్ వేయాలి. ఆ తేదీని గోడమీది క్యాలెండర్‌లో రాసిపెట్టుకోండి, ఎందుకంటే పదమూడో నెల వచ్చాక అమలు చేయిస్తామని చెప్పేవాళ్లే ఫోన్ ఎత్తరు.

మస్టర్ రోళ్లు "దొరకలేదు" అని సమాచార హక్కు జవాబొస్తే కంగారు పడకండి, ఆ జవాబునే దాచండి. రికార్డు భద్రపరచాల్సిన బాధ్యత సంస్థది. అప్పట్లో జీతం బ్యాంకు ఖాతాలో పడి ఉంటే పాత పాస్‌బుక్, డిపార్ట్‌మెంట్ హెడ్ ఇచ్చిన పని ధ్రువపత్రం, 1994 క్రమబద్ధీకరణ ఉత్తర్వులో ఉన్న "ఫలానా తేదీ నుంచి పనిచేస్తున్న" అన్న వాక్యం. ఈ మూడిట్లో ఏవి ఉన్నాయో చూసి ఇక్కడే రాయండి, ఫారం ఎన్‌లో సర్వీసు కాలం కాలమ్ ఎలా నింపాలో చెప్తాను.